యాన్ హుస్ చెక్ జాతికి ఏమిచ్చాడు? మతం లేదనే దేశంలో ఒక మతబోధకుడి విగ్రహం ఎందుకు?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇది. ప్రాగ్ పాత పట్టణం చౌరస్తాలో ఒక క్రైస్తవ మతబోధకుడి పెద్ద విగ్రహం ఉంది. ఆయన్ని చంపేసిన జూలై 6న దేశమంతటా సెలవు. అదే దేశంలో దాదాపు సగం మంది తమకు మతం లేదని జనాభా లెక్కల్లో రాయిస్తారు. మరి 600 ఏళ్ల కిందటి మత సంస్కర్త వాళ్ల జాతీయతకు మూలపురుషుడు ఎలా అయ్యాడు? ఆయన నిజంగానే జాతీయవాదా, లేక తర్వాతివాళ్లు అలా తయారుచేశారా?

నేను మధ్యయుగ యూరప్ చరిత్ర పాఠాలు చెబుతాను. పరిశోధన పని మీద ప్రాగ్‌లో కొన్నేళ్లు ఉన్నాను. ఈ ప్రశ్న నా విద్యార్థులూ అడుగుతారు, ప్రాగ్ చూడటానికి వచ్చే మనవాళ్లూ అడుగుతారు. ముందు సూటిగా జవాబు చెప్పేస్తాను.

యాన్ హుస్ ఇవాళ మనం అనుకునే అర్థంలో జాతీయవాది కాదు. కానీ ఆయన లేకపోతే చెక్ జాతీయత ఇప్పుడున్న రూపంలో ఉండేది కాదు. బతికి ఉండగా ఆయన ఇచ్చినవి రెండు: పండితులతోనే కాక సామాన్యులతోనూ చెక్ భాషలో పెద్ద విషయాలు మాట్లాడే అలవాటు ఒకటి, ఎంత పెద్ద అధికారం చెప్పినా మనస్సాక్షి ఒప్పుకోకపోతే తల వంచక్కర్లేదన్న ఉదాహరణ ఇంకొకటి. ఆయన్ని జాతి వీరుడిగా నిలబెట్టింది మాత్రం 19వ శతాబ్దపు చరిత్రకారులు, రాజకీయ నాయకులు. చెక్ వాళ్లు హుస్ విషయంలో ఎప్పుడూ ఒక్కమాట మీద లేరు. ఆయన మావాడా కాదా అని తరతరాలుగా వాదించుకుంటూనే తామెవరో తేల్చుకుంటూ వచ్చారు. నా జవాబంతా ఈ ముక్క చుట్టూనే తిరుగుతుంది.

హుస్ దక్షిణ బొహీమియాలోని (బొహీమియా అంటే ఇవాళ్టి చెక్ దేశపు పడమటి భాగం) హుసినెత్స్ అనే ఊళ్లో 1370 ప్రాంతంలో పుట్టాడు. ప్రాగ్ విశ్వవిద్యాలయంలో చదివి 1396లో మాస్టర్ అయ్యాడు, 1400లో గురుపట్టం తీసుకున్నాడు. 1402 నుంచి బెత్లెహేమ్ ప్రార్థనాలయంలో బోధకుడు. చెక్ భాషలో ప్రసంగాలు చేయాలన్న ఉద్దేశంతోనే 1391లో ఒక రాజోద్యోగి, ఒక వ్యాపారి కలిసి కట్టించిన మందిరం అది. దాదాపు 3,000 మంది పట్టేంత పెద్దది. పూజంతా లాటిన్‌లో జరిగే కాలంలో పనివాళ్లు, వ్యాపారులు, ఆడవాళ్లు, కొన్నిసార్లు రాణిగారి పరివారం కూడా వచ్చి తమకు తెలిసిన భాషలో బైబిల్ మాటలు వినేవారు. ఇంగ్లండ్‌కు చెందిన మత సంస్కర్త జాన్ విక్లిఫ్ రాతల ప్రభావం హుస్ మీద చాలా ఉంది. చర్చి ఆస్తులు, పదవుల అమ్మకం, గురువుల విలాసాల గురించి ఆయన మాట్లాడినవన్నీ కొత్త సంగతులు కావు. జనం భాషలో, జనం ముందు, పేరున్న మాస్టర్ మాట్లాడటమే కొత్త.

భాష విషయంలో ఇంకో సంగతి ఉంది. పర్యాటకులకు దీన్ని ఎవరూ చెప్పరు కాబట్టి కాస్త వివరంగా చెబుతాను. చెక్ భాషలో ఉండే చ, ష వంటి ధ్వనులకు లాటిన్ లిపిలో అక్షరాల్లేవు. అందుకని రెండేసి, మూడేసి అక్షరాలు కలిపి రాసేవారు, అదీ ఒక్కొక్కరు ఒక్కో రకంగా. 15వ శతాబ్దం మొదట్లో వచ్చిన ఒక చిన్న లాటిన్ గ్రంథం దీనికి ఉపాయం చెప్పింది: హల్లు మీద చుక్క పెడితే ఒక ధ్వని, అచ్చు మీద గీత పెడితే దీర్ఘం. ఆ గ్రంథం హుస్‌దేనని ఎక్కువమంది పండితులు భావిస్తారు. ఆ చుక్కే రానురాను చిన్న కొక్కెం గుర్తుగా మారింది. ఇవాళ చెక్ దినపత్రిక ఏది తెరిచినా ప్రతి వరుసలోనూ ఆ గుర్తులు కనిపిస్తాయి. తర్వాత స్లోవక్, స్లొవేనియన్, క్రొయేషియన్, లిథువేనియన్ భాషలు కూడా ఆ కొక్కేన్ని తీసుకున్నాయి. దేవుడి మీద నమ్మకం లేని చెక్ పిల్లవాడు కూడా బడిలో మొదటి రోజుల్లోనే ఈ పద్ధతిలో రాయడం నేర్చుకుంటాడు.

జాతీయవాది అనడానికి అందరూ చూపించే సాక్ష్యం 1409 నాటి కుత్నా హోరా శాసనం. ప్రాగ్ విశ్వవిద్యాలయాన్ని 1348లో నాలుగో చార్లెస్ స్థాపించాడు. అందులో సభ్యులు నాలుగు "జాతులు"గా ఉండేవారు: చెక్, బవేరియన్, సాక్సన్, పోలిష్. ఒక్కోదానికి ఒక్కో ఓటు. రాజు నాలుగో వాత్స్లావ్ 1409 జనవరి 18న ఈ లెక్క తిరగేసి చెక్ జాతికి మూడు ఓట్లు, మిగతా మూడింటికీ కలిపి ఒక ఓటు ఇచ్చాడు. జర్మన్ మాస్టర్లు, విద్యార్థులు పెద్ద సంఖ్యలో వెళ్లిపోయారు, అదే ఏడాది లైప్‌జిగ్ విశ్వవిద్యాలయం పుట్టింది. హుస్ ఈ మార్పును సమర్థించాడు, ఆ తర్వాత రెక్టర్ కూడా అయ్యాడు.

ఇది చదివి చాలామంది "చూశారా, జర్మన్ల మీద పోరాటం" అంటారు. తొందరపడొద్దంటాను. అప్పట్లో తామే అసలు పోప్‌లమనేవాళ్లు ఇద్దరుండేవారు. రాజుకు కావాల్సింది ఆ పోప్‌ల తగాదాలో తన వైఖరికి విశ్వవిద్యాలయం మద్దతు. జర్మన్ మాస్టర్లు ఒప్పుకోలేదు, చెక్ మాస్టర్లు ఒప్పుకున్నారు. హుస్‌కు తన భాష మీద, తన జనం మీద ప్రేమ ఉన్నమాట నిజం. చెక్ మాటల్లో జర్మన్ కలిపేసి మాట్లాడే ప్రాగ్ వాళ్లను గట్టిగా మందలించాడు కూడా. కానీ చెడ్డవాడైన చెక్ మనిషి కన్నా మంచివాడైన జర్మన్ మనిషి తనకు ఎక్కువ ఇష్టమని రాసింది కూడా ఆయనే. ఆయన తూకం వేసింది పుట్టుకను చూసి కాదు, నడతను చూసి.

ఇక కాన్‌స్టాన్స్ కథ. 1412లో పాపపరిహార పత్రాల అమ్మకాన్ని ఎదిరించాక ఆయన మీద బహిష్కారం గట్టిపడింది. ప్రాగ్ వదిలి దక్షిణాన కోటల్లో తలదాచుకుని అక్కడే చెక్‌లోనూ లాటిన్‌లోనూ రాస్తూ, పల్లె జనానికి బోధిస్తూ గడిపాడు. జర్మన్ రాజు సిగిస్ముండ్ అభయపత్రం ఇస్తానంటే 1414లో జర్మన్ నగరం కాన్‌స్టాన్స్‌లో జరిగిన చర్చి మహాసభకు వెళ్లాడు. నవంబర్ మొదట్లో చేరాడు, నెల తిరగకముందే ఖైదులో పెట్టారు. తన తప్పు లేఖనాల నుంచి చూపిస్తే మాట వెనక్కి తీసుకుంటానన్నాడు. తాను ఎన్నడూ చెప్పని మాటలను కూడా తనవని ఒప్పుకుని వదులుకోమంటే, అది అబద్ధమాడటం అవుతుందన్నాడు. 1415 జూలై 6న సజీవ దహనం చేసి బూడిదను రైన్ నదిలో కలిపేశారు, శిష్యులకు ఎముక ముక్క కూడా దొరకకూడదని. మరుసటి ఏడాది ఆయన మిత్రుడు జెరోమ్‌కూ అక్కడే అదే గతి పట్టింది.

హుస్ మరణం జాతి సమస్యగా మారిన క్షణం ఏదని అడిగితే నేను 1415 సెప్టెంబర్ అంటాను. బొహీమియా, దాని తూర్పున ఉన్న మొరావియా ప్రభువులు 452 మంది ముద్రలు వేసిన నిరసన లేఖ కాన్‌స్టాన్స్‌కు వెళ్లింది. అందులో ఉన్న బాధ హుస్ ఒక్కడి గురించే కాదు: మతద్రోహుల దేశమని ముద్ర వేసి మా రాజ్యం పరువు తీశారన్నది వాళ్ల ఫిర్యాదు. సిద్ధాంతం మీద పెద్ద పట్టింపు లేని ప్రభువులు కూడా ఆ మాటకు రోషపడ్డారు. మతం తగాదా దేశం తగాదాగా మారింది అక్కడే.

తర్వాతి ఇరవై ఏళ్లను ఇక్కడ గబగబా దాటేస్తాను, ఎందుకంటే ఆ యుద్ధాల గురించి ఎక్కడైనా చదువుకోవచ్చు. ప్రభువు భోజనంలో రొట్టెతో పాటు ద్రాక్షారసం గిన్నె కూడా మామూలు విశ్వాసులకు ఇవ్వాలన్నది ఉద్యమానికి గుర్తయింది. అప్పటిదాకా అది గురువులకే. 1419లో ప్రాగ్ నగరసభ సభ్యులను కిటికీలోంచి తోసేశారు, 1420లో ఉద్యమంలోని తీవ్ర పక్షం వాళ్ల తాబోర్ పట్టణం వెలిసింది. యాన్ జిష్కా నడిపిన రైతు సైన్యం బండ్లను కోటగోడలా నిలబెట్టి, వరసగా వచ్చిన క్రూసేడ్‌లను తిప్పికొట్టింది. 1436లో చర్చి రాజీకి వచ్చి బొహీమియాలో గిన్నెను ఒప్పుకుంది. యూరప్‌లో అంతకుముందు అలాంటిది జరగలేదు. తాబోర్ చూసొచ్చిన ఇటలీ పండితుడు, తర్వాత పోప్ అయిన పిక్కోలోమిని, అక్కడి ఆడవాళ్లకు బైబిల్ తమ ఇటలీ గురువుల కన్నా బాగా తెలుసని రాశాడు. శత్రువు నోట వచ్చిన మాట కాబట్టి నాకు ఇది విలువైన సాక్ష్యం.

ఇక్కడే ఒక హెచ్చరిక. ఇది చెక్‌లు ఒకవైపు, జర్మన్లు ఇంకోవైపు నిలబడి కొట్టుకున్న యుద్ధం కాదు. హుస్సైట్లలో, అంటే హుస్ అనుచరుల్లో, డ్రెస్డెన్ నుంచి వచ్చిన జర్మన్ బోధకులు ఉన్నారు, పీటర్ పేన్ అనే ఇంగ్లిష్ మాస్టర్ ఉన్నాడు. అటువైపు రోజ్మ్‌బెర్క్ వంశం లాంటి పెద్ద చెక్ ప్రభువులు కాథలిక్కులుగా నిలిచారు. 1434లో లిపానీ దగ్గర తాబోర్ సైన్యాన్ని తుడిచిపెట్టింది కూడా చెక్ సైన్యమే, మితవాద హుస్సైట్లు, కాథలిక్కులు కలిసి. జాతి గర్వం కోసం చరిత్ర చెప్పేవాళ్లు లిపానీ దగ్గరకు వచ్చేసరికి ఇబ్బంది పడతారు.

ఆ తర్వాత 1458లో హుస్సైట్ అయిన యిర్జీ పొద్యెబ్రాద్‌ను రాజుగా ఎన్నుకున్నారు. 1457లో పుట్టిన సోదర సంఘం అనే చిన్న శాఖ 1579 నుంచి 1594 వరకు క్రాలిత్సెలో మొత్తం బైబిల్‌ను చెక్‌లో అచ్చువేసింది. 1620 నవంబర్ 8న బీలా హోరా యుద్ధంలో బొహీమియా ఓడిపోయాక ఆస్ట్రియా రాజవంశమైన హాబ్స్‌బర్గ్‌లు కాథలిక్ మతాన్ని తిరిగి బలవంతంగా తెచ్చారు. హుస్ బాటలోని కుటుంబాలు వలసపోయాయి, కొమెన్స్కీ లాంటి మేధావి పరాయిదేశంలోనే చనిపోయాడు. పై చదువులు, ప్రభుత్వ వ్యవహారాలు జర్మన్‌లోకి మారిపోయి చెక్ క్రమంగా పల్లెల భాషగా మిగిలింది. 19వ శతాబ్దం మొదట్లో భాషకు మళ్లీ ప్రాణం పోయాలనుకున్న పండితులకు నమూనాగా పనికొచ్చింది ఆ క్రాలిత్సె బైబిల్ కాలపు చెక్కే.

ఇప్పుడు అసలు సంగతికొద్దాం. హుస్‌ను జాతి పునాదిగా పెట్టింది ఫ్రాంతిషెక్ పలాత్స్కీ అనే చరిత్రకారుడు. ఆయన మొరావియాకు చెందిన ప్రొటెస్టెంట్ కుటుంబంలో పుట్టాడు. బొహీమియా చరిత్రను 1836 నుంచి జర్మన్‌లో, 1848 నుంచి చెక్‌లో అచ్చువేశాడు. చెక్ చరిత్ర అంతా స్లావ్‌లకూ జర్మన్లకూ మధ్య నడిచిన స్పర్శ, సంఘర్షణ అని, హుస్సైట్ కాలం దానికి శిఖరమని ఆయన వాదం. వియన్నా పాలనలో ఉన్న చదువుకున్న చెక్ యువతకు ఇది చాలా నచ్చింది. మనం ఎప్పుడూ పల్లె భాష మాట్లాడే చిన్న జనం కాదు, ఒకప్పుడు యూరప్ మొత్తానికీ ఎదురు నిలిచాం అనుకోవడానికి ఆధారం దొరికింది. విచిత్రమేమిటంటే ఆ యువతలో ఎక్కువమంది పుట్టుకతో కాథలిక్కులే. హుస్ సిద్ధాంతం వాళ్లకు అక్కర్లేకపోయింది, ఆయన నిలబడిన తీరు కావాల్సి వచ్చింది. మీ ప్రశ్నలోని చిక్కుముడి ఇక్కడే విడిపోతుంది.

1889లో జరిగిన ఒక గొడవ చూడండి. ప్రాగ్ జాతీయ మ్యూజియం గోడ మీద మహనీయుల పేర్లు పెట్టాలని బొహీమియా శాసనసభలో చర్చ వచ్చింది. హుస్ పేరు ఉండాలని ఒక పక్షం అడిగింది. కరెల్ ష్వార్జెన్‌బెర్గ్ అనే కాథలిక్ ప్రభువు లేచి, హుస్సైట్లు దోపిడీదార్లు, ఇళ్లు తగలబెట్టే ముఠా అన్నాడు. అంతే, ఊరంతా భగ్గుమంది. మ్యూజియం గోడ మీద పేరు కాదు, నగరం నడిమధ్య విగ్రహమే పెడతామని చందాలు మొదలుపెట్టారు. మీరు చూసిన విగ్రహం అలా పుట్టింది. ఆ ప్రభువు నోరు మెదపకుండా ఉంటే ఒక పలకతో పోయేదని నాకు అనిపిస్తుంది.

తర్వాత దేశానికి తొలి అధ్యక్షుడైన తోమాష్ మసారిక్ ఇంకో అడుగు వేశాడు. పలాత్స్కీ చరిత్రలోంచి ఆయన నీతి తీశాడు: చెక్ జాతి అర్థం మానవత్వం, సత్యం, దానికి హుస్, సోదర సంఘం మూలం అన్నాడు. యోసెఫ్ పెకార్జ్ అనే పెద్ద చరిత్రకారుడు దీన్ని గట్టిగా ఖండించాడు. హుస్ మధ్యయుగం మనిషి, ఆయన ప్రశ్నలు మధ్యయుగపు ప్రశ్నలు, వాటికి 19వ శతాబ్దపు ఉదారవాదం తొడగొద్దన్నాడు. చరిత్ర పద్ధతి చూస్తే పెకార్జ్ చెప్పిందే సరైనదని నా అభిప్రాయం. కానీ దేశం నిలబడింది మసారిక్ చెప్పిన కథ మీద. 1915 జూలై 6న, హుస్ చనిపోయి సరిగ్గా 500 ఏళ్లైన రోజున, ప్రవాసంలో ఉన్న మసారిక్ జెనీవాలో ఆస్ట్రియాకు వ్యతిరేకంగా బహిరంగంగా మాట్లాడాడు. అదే సమయానికి ప్రాగ్‌లో లాదిస్లావ్ షలౌన్ చెక్కిన విగ్రహం సిద్ధమైంది. యుద్ధకాలం కదా, ప్రభుత్వం ఉత్సవం జరగనివ్వలేదు. జనం వచ్చి దాన్ని పూలతో కప్పేశారు.

1918లో చెకోస్లొవేకియా దేశం వచ్చాక అధ్యక్షుడి జెండా మీద "సత్యమే గెలుస్తుంది" అన్న మాట పెట్టారు. హుస్ ఒక ఉత్తరంలో రాసిన భావమే అది. 1920లో కాథలిక్కుల నుంచి విడిపోయి ఒక జాతీయ చర్చి ఏర్పడింది, దాని పేరులో హుస్సైట్ అన్న మాట 1971లో చేరింది. 1925 జూలై 6న ప్రభుత్వమే ఉత్సవం చేసి, ప్రాగ్ కోట మీద గిన్నె గుర్తున్న జెండా ఎగరేస్తే, పోప్ రాయబారి ఊరు వదిలి వెళ్లిపోయాడు. సంబంధాలు కుదుటపడటానికి 1928 దాకా పట్టింది. కమ్యూనిస్టులకు మతం పడదు, అయినా హుస్‌ను వదల్లేదు. ఆయన్ని పేదల విప్లవకారుడిగా చెప్పి, 1786లో కూల్చేసిన బెత్లెహేమ్ మందిరాన్ని 1950 నుంచి 1954 మధ్య తిరిగి కట్టించారు. 1969 జనవరిలో సోవియట్ ఆక్రమణకు నిరసనగా యాన్ పలాఖ్ అనే విద్యార్థి ఒంటికి నిప్పంటించుకున్నప్పుడు, అదే ప్రభుత్వానికి ఎదురుగా జనానికి గుర్తొచ్చిందీ హుస్ పేరే.

ఈ పేచీ ఎంత లోతుగా ఉందో చూడాలంటే ఆ చౌరస్తా ఒక్కటి చాలు. వచ్చినవాళ్లను అక్కడ ఒక గంట నిలబెడతాను. షలౌన్ హుస్‌ను మంటల్లో చూపించలేదు, నిటారుగా నిలబెట్టాడు. ఒక పక్క ఆయుధాలతో హుస్సైట్లు, ఇంకో పక్క బీలా హోరా తర్వాత దేశం విడిచిపోతున్నవాళ్లు, బిడ్డలతో ఒక తల్లి. ఎదురుగా తీన్ చర్చి. రెండు గోపురాల మధ్య గోడ మీద ఒకప్పుడు యిర్జీ రాజు బొమ్మ, బంగారు గిన్నె ఉండేవి. ఓటమి తర్వాత వాటిని తీసేసి, ఆ గిన్నె లోహాన్ని కరిగించి మేరీమాత చుట్టూ తేజోవలయం చేసి పెట్టారు. పాత నగరసభ గోడ పక్కన నేల మీద 27 తెల్ల శిలువలుంటాయి, 1621 జూన్ 21న అక్కడ చంపిన నాయకుల గుర్తుగా. విగ్రహానికి అవతల మేరీ స్తంభం. 1918 నవంబర్‌లో హాబ్స్‌బర్గ్‌ల గుర్తని జనం దాన్ని పడగొట్టారు, 2020లో తిరిగి నిలబెట్టారు. నిలబెట్టడానికి ముందు ఏళ్ల తరబడి వాదోపవాదాలు. సెల్ఫీ తీసుకుని కదిలిపోయేవాళ్లను చూస్తే నాకు బాధేస్తుంది, ఇంత చరిత్ర ఒకేచోట ఇంకెక్కడ దొరుకుతుంది?

మీ ప్రశ్నలో లేకపోయినా రెండు మాటలు చేర్చాలి. చెక్ వాళ్లందరికీ హుస్ సమానంగా సొంతం కాదు. మొరావియాలో కాథలిక్ సంప్రదాయం ఇంకా బలంగా ఉంది. అక్కడి ఒక పెద్దాయన నాతో అన్నాడు, తమ పండగ జూలై 5 అని. ఆ రోజు స్లావ్‌లకు క్రైస్తవం బోధించిన సిరిల్, మెథోడియస్‌ల పండగ. దానికి వెలెహ్రాద్‌లో పెద్ద యాత్ర జరుగుతుంది, ఆ మర్నాడు విశ్రాంతి. రెండు సెలవులు పక్కపక్కనే రావడంతో ఎవరికి నచ్చింది వాళ్లు తీసుకుంటారు. స్లోవేకియాలో అయితే 5వ తేదీ సెలవుంది, 6 లేదు. దాదాపు 70 ఏళ్లు చెక్‌లతో ఒకే దేశంగా బతికినా హుస్ స్లోవక్‌ల జాతి పురుషుడు కాలేదు. అక్కడి లూథరన్లు మాత్రం క్రాలిత్సె బైబిల్ చెక్‌ను తరాలపాటు ప్రార్థన భాషగా వాడుకున్నారు.

రెండోది, రోమ్ సంగతి. 1999 డిసెంబర్‌లో పోప్ రెండో జాన్ పాల్, హుస్‌కు జరిగిన క్రూర మరణానికి తీవ్రంగా విచారిస్తున్నానన్నాడు. ఆయన నైతిక ధైర్యాన్ని మెచ్చుకున్నాడు. మతద్రోహం తీర్పును రద్దు చేయలేదు. చెక్ కాథలిక్కులు, ప్రొటెస్టెంట్లు, చరిత్రకారులు కలిసి కూర్చుని ఆయన రాతలు చదివిన ఫలితం అది. పలాత్స్కీ నాటి పౌరుషం తగ్గి ఆయన్ని ఆయన కాలంలో పెట్టి చదవడం దానితో సాధ్యమైంది.

మీరు మళ్లీ ప్రాగ్ వెళ్తే విగ్రహంతో ఆపకండి. అక్కడి నుంచి పది నిమిషాలు నడిస్తే బెత్లెహేమ్ మందిరం వస్తుంది. కట్టడం కొత్తదే అయినా పాత గోడల భాగాలు కొన్ని లోపల నిలిచి ఉన్నాయి. హుస్ తన వాదనలను ఆ గోడల మీదే రాయించి జనం చదివేలా పెట్టాడు, ఆ రాతల్లో కొన్ని తునకలు ఇప్పటికీ కనిపిస్తాయి. జూలై 6న వెళ్తే ఎక్కువ ప్రయోజనం, ఆ రోజు అక్కడ ప్రార్థన జరుగుతుంది. నేను వెళ్లినప్పుడు వచ్చినవాళ్లలో చర్చికి ఎప్పుడూ వెళ్లనివాళ్లే ఎక్కువ కనిపించారు. ఎందుకొచ్చారని వాళ్లనే అడగండి, ఒక్కొక్కరు ఒక్కో హుస్ గురించి చెబుతారు.